సొరుగులో కత్తెర

ఆ వీధిలో ఆయన్ని ఇరవై ఎనిమిదేళ్ళు కటింగ్ మాస్టరు అన్నారు. గత మూడేళ్ళుగా టేపు మాస్టరు అంటున్నారు. మొదటి పేరు సంపాదించుకోవడానికి పదేళ్ళు పట్టింది. రెండోదానికి ఒక్క మధ్యాహ్నం చాలింది.

మొదటి పేరు సంగతి ముందు చెప్పుకుందాం, ఆ మర్యాదైనా ఆయనకు దక్కాలి. అన్నదమ్ములిద్దరిదీ ఒకటే కుట్టుకొట్టు. ముందు గదిలో నిలువుటద్దం, గల్లాపెట్టె, గుడ్డ పరిచి కత్తిరించే పెద్ద బల్ల. నీలం తెర తీసుకుని వెనక్కి వెళ్తే మూడు మిషన్లు, ఒక ఇస్త్రీ బల్ల, కిటికీ పక్కన కాజాలు కుట్టే చిన్న పీట. తమ్ముడు కొలతలు తీసుకుంటూ వచ్చినవాళ్ళతో కబుర్లు చెప్పేవాడు. అన్న కత్తిరించేవాడు. తమ్ముడి నోరూ అన్న చెయ్యీ కలిస్తేనే ఆ కొట్టని అందరూ అనుకునేవారు, అది నిజం కూడా.

కటింగ్ మాస్టరు దగ్గర ఒక కొలతల పుస్తకం ఉండేది. అందులో ప్రతి మనిషి కొలతల పక్కనా ఆయన సొంతంగా కల్పించుకున్న గుర్తులు కొన్ని ఉండేవి. సున్నాలో చుక్క, అడ్డగీత, కొక్కెం లాంటి గీత. అవి ఆయనకు తప్ప బ్రహ్మదేవుడికి కూడా అర్థం కావు. బ్యాంకు క్యాషియరుకు కుడికాలు అర అంగుళం పొట్టి. స్టేషన్ మాస్టరుకు వీపు గూని కట్టడం మొదలైంది. ప్లీడరుగారికి ఎడమ భుజం రెండు వేళ్ళ మందాన కిందకు జారి ఉంటుంది. ఈ సంగతులు వాళ్ళు చెప్పరు, మాస్టరు అడగడు. చూసి, గుర్తు వేసుకుని, ఒకవైపు గుడ్డ కొంచెం వదిలి, ఒకవైపు లోపల దూది పొరలు రెండు ఎక్కువ పెట్టి కత్తిరించేవాడు. కోటు తొడుక్కుని అద్దంలో చూసుకుంటే ప్లీడరుగారి రెండు భుజాలూ త్రాసు సరిచూసినట్టు ఉండేవి. ఆ కోటు వల్లే తనకు అంత నిండుతనం వచ్చిందని ఆయనకు తెలుసు. తెలిసినట్టు ఏనాడూ కనబడలేదు. మాస్టరు కూడా అంతే.

వీధిలో సగంమంది అవకరాలు కడుపులో దాచుకున్న ఆ మనిషికి, తనదాకా వచ్చేసరికి, దాచిపెట్టేవాడు ఒక్కడు దొరకలేదు.

మూడేళ్ళ కిందట ఆయనకు నిద్ర పట్టడం మానేసింది. మొదట్లో అందరికీ సరదాగానే ఉంది. ఎప్పుడూ నాలుగు మాటలకు మించి మాట్లాడని మనిషి గలగలా మాట్లాడుతున్నాడు, నవ్వుతున్నాడు, పిలిచి టీ తాగిస్తున్నాడు. తర్వాత వీధిలో ఏ కోటు కనబడినా "అది నా కత్తెరే" అనడం మొదలుపెట్టాడు. సినిమా పోస్టరు మీద హీరో వేసుకున్న కోటు కూడా తన కత్తెరేనన్నాడు. భార్య నవ్వి ఊరుకుంది. అలా నవ్వినందుకు ఆవిడ తర్వాత ఎంత ఏడ్చిందో చెప్పలేం. పదకొండో రోజు మధ్యాహ్నం ఆయన మెడలో టేపు వేసుకుని నడివీధిలోకి వెళ్ళి, వచ్చేపోయేవాళ్ళను ఆపి, "మీకెవరిదో బట్ట వేశారండీ, ఇది మీది కాదు, ఉండండి" అంటూ భుజాలు కొలవసాగాడు. పెద్ద కత్తెర రోజూ ఉన్నట్టే నడుముకు ఉంది. దాని మీద ఆయన చెయ్యి కూడా వెయ్యలేదు.

కానీ లోకులు పలుగాకులని ఊరికే అన్నారా? ఆ సాయంత్రానికే వాళ్ళ నోట కత్తెర ఆయన చేతిలోకి వచ్చింది. మర్నాటికి కత్తెర పట్టుకుని తరిమాడన్నారు. వారం తిరిగేసరికి ఎవరి చెవో తెగింది. ఎవరి చెవి అని అడిగినవాడు లేడు, వీధిలో అందరి చెవులూ జతలు జతలుగా భద్రంగానే ఉన్నాయి.

రెండు నెలలు ఆస్పత్రిలో ఉండి వచ్చాడు. అడిగినవాళ్ళకు భార్య కామెర్లని చెప్పింది. నడివీధిలో జరిగినదానికి కామెర్లేమిటని వాళ్ళు మర్యాదకు అడగలేదు గానీ, తల ఊపిన తీరులోనే అంతా ఉంది. నయమైందండీ అని ఆయన ఎవరితో అన్నా వాళ్ళ పెదవి చివర ఒక చిన్న నవ్వు కదిలేది. పిచ్చి కుదిరింది, తలకు రోకలి చుట్టమన్నాడట అని మనకొక సామెత ఉంది కదా. దాన్ని పుట్టించిన మహానుభావుడెవడో గానీ, జబ్బు చేసినవాడు నయమైందని చెప్పుకునే దారి కూడా లేకుండా తలుపు వేసి గడియ పెట్టి పోయాడు.

కొట్టులో ఆయన చోటు మారింది. తమ్ముడు మంచిమాటతోనే మార్చాడు. "కొన్నాళ్ళు వెనకాల కూర్చో అన్నయ్యా, కాజాలు కుట్టుకో. జనం మర్చిపోనీ." పెద్ద కత్తెరను బల్ల సొరుగులో పెట్టి తాళం వేసి, తాళంచెవి జేబులో వేసుకున్నాడు. అన్నకు దారం తుంచుకునే మొండి కత్తెర ఒకటి ఇచ్చాడు. కొన్నాళ్ళు అన్నది మూడేళ్ళయింది. జనం మర్చిపోలేదు. వాళ్ళకు మర్చిపోవాల్సిన అవసరం ఏముంది?

కాజాలు కుట్టడం తప్పు పని కాదు. కానీ ఇరవై ఎనిమిదేళ్ళు గుడ్డను మనిషిగా మార్చినవాడికి ఆ మనిషికి బొత్తాల కన్నాలు పెట్టే పని ఇస్తే ఎలా ఉంటుందో ఆయననే అడగాలి. అడిగితే చెప్పేవాడు కాదు. మూడేళ్ళలో ఆయన నేర్చుకున్నది అదే. నవ్వితే ఇంట్లో భార్య వంటగదిలోంచి తొంగి చూస్తుంది. గొంతు పెంచితే తమ్ముడు మిషను ఆపుతాడు. కాసేపు కిటికీలోంచి చూస్తూ కూర్చుంటే, "ఏమిటి అన్నయ్యా అలా ఉన్నావు?" అంటారు. మామూలు మనుషులకు రోజుకు పదిసార్లు వచ్చిపోయే కోపమూ సంతోషమూ ఆయనకు రావడానికి వీల్లేదు, వస్తే అది జబ్బు. ఒక్క కోరిక మాత్రం లోపల అణచుకుని పెట్టుకున్నాడు. ఎప్పటికైనా మళ్ళీ ఆ బల్ల దగ్గర నిలబడాలి.

అలా ఉండగా ప్లీడరుగారు కొత్త కోటుకు గుడ్డ ఇచ్చారు. మాస్టరుకు జబ్బు చేసిన తర్వాత ప్లీడరుగారు ఈ కొట్టు గడప తొక్కడం ఇదే మొదలు. ఆదివారం ఆయనకు సన్మానం. తమ్ముడే కొలిచాడు, తమ్ముడే కత్తిరించాడు.

ఇక్కడ పనివాళ్ళ సంగతి ఒకటి చెప్పాలి. కోటు చేతులు రెండూ గుడ్డ మడత పెట్టి ఒకేసారి కత్తిరిస్తే ఒకటి కుడిచేతిదీ ఒకటి ఎడమచేతిదీ వస్తాయి. మడతకు గుడ్డ చాలక విడివిడిగా కత్తిరించాల్సి వస్తే, రెండోసారి నమూనా అట్టను బోర్లించి పెట్టాలి. మర్చిపోతే రెండూ ఒకే చేతివి అవుతాయి. పని నేర్చుకునే రోజుల్లో ప్రతివాడూ ఒకసారి చేసే తప్పే ఇది. తమ్ముడు నలభై ఆరో ఏట, ఫోను చెవికీ భుజానికీ మధ్య ఇరికించుకుని మాట్లాడుతూ, చేశాడు. రెండూ ఎడమచేతివే.

గురువారం పొద్దున ప్లీడరుగారు మరో ఇద్దరు స్నేహితులతో ట్రయల్‌కు వచ్చారు. చేతులు లేని కోటు తొడిగితే అద్దంలో ఎడమవైపు కాలరు లేచి నిలబడింది. భుజం సంగతి తమ్ముడికి తెలియదు కదా. ప్లీడరుగారు అద్దంలో తన భుజం చూసుకుని ఎర్రబడ్డారు. స్నేహితులు కూడా చూస్తున్నారు.

"ఇదేం కోటయ్యా? చేతులేవి?"

తమ్ముడు తేలు కుట్టిన దొంగలా నిలబడిపోయాడు. అతని నోరు మూగబోవడం ఆ కొట్టు చరిత్రలో అదే మొదలు. తర్వాత అదే నోరు దానంతటదే ఒక దారి వెతుక్కుంది.

"ఏం చెప్పమంటారు సార్. నేను లేనప్పుడు అన్నయ్య బల్ల దగ్గరికి వచ్చాడు. ఆయన చెయ్యి పడింది."

ప్లీడరుగారి ముఖంలో కోపం ఠక్కున దిగిపోయింది. కోర్టులో ప్రతి సాక్షినీ మూడు చెరువుల నీళ్ళు తాగించే మనిషి, ఈ ఒక్క మాటకు మాత్రం ఎదురుప్రశ్న వెయ్యలేదు. కత్తెర ఎక్కడుంటుంది, తాళం ఎవరి దగ్గరుంటుంది అని అడగలేదు. "అలా చెప్పు మరి. అయినా అలాంటివాళ్ళకు కత్తెర అందేలా ఉంచుతారటయ్యా? రేపు ఎవరికన్నా ఏమన్నా అయితే?" అన్నారు.

తెర వెనక మాస్టరు చేతిలో సూది ఆగింది. లేచి తెర తీసుకుని వచ్చాడు.

"నేను కాదండీ. నేను ముట్టుకోనేలేదు."

గొంతు కొంచెం పెరిగింది, అంతే. ఎవరికైనా ఆమాత్రం పెరుగుతుంది. కానీ ప్లీడరుగారు రెండు అడుగులు వెనక్కి వేశారు. స్నేహితుల్లో ఒకాయన గుమ్మం వైపు జరిగాడు. ఆ రెండు అడుగులూ మాస్టరుకు చెంపదెబ్బలా తగిలాయి. ఇరవై ఏళ్ళు ట్రయల్ వేళ తన చేతుల కింద కదలకుండా నిలబడిన మనిషే కదా ఈయన! "మీ ఎడమ భుజం సంగతి నాకు తెలుసండీ, నేనే కత్తిరించి ఉంటే కాలరు అలా లేవదు" అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. పక్కన ఇద్దరు స్నేహితులున్నారు. ఇన్నేళ్ళు దాచినది ఒక్క కోపానికి బయట పెట్టడానికి ఆయనకు మనసొప్పలేదు. కక్కలేక మింగలేక నోరు తెరిచి అలాగే నిలబడ్డాడు.

తమ్ముడు మెల్లగా వచ్చి భుజం మీద చెయ్యి వేశాడు. "అన్నయ్యా, పొద్దున మాత్ర వేసుకున్నావా?"

ఆ తర్వాత ఎవరు మాత్రం ఏం మాట్లాడగలరు? మాస్టరు తల వంచుకుని తెర వెనక్కి వెళ్ళి కూర్చున్నాడు.

మధ్యాహ్నం భోజనాల వేళ మిషన్ల మీద పనిచేసేవాళ్ళు వెళ్ళిపోయాక తమ్ముడు షట్టరు సగం దించాడు. అన్న కాళ్ళ దగ్గర కూలబడ్డట్టుగా పీట పక్కన కూర్చున్నాడు.

"నన్ను కొట్టు అన్నయ్యా."

"కొడితే నాకు మాత్ర ఎక్కువ వేస్తారు. ఎందుకురా అలా అన్నావు?"

"నా చెయ్యి మీద నమ్మకం పోతే కొట్టు మూసుకోవాలి. నీకైతే..."

"ఊఁ, నాకైతే?"

"నీకెలాగూ పేరు వచ్చేసింది కదా అనుకున్నాను."

ఆ మాటకు మాస్టరుకు కోపం రాలేదు. అందులో తప్పు ఎక్కడుందో వెతికితే దొరకలేదు, అదీ ఆయన బాధ. చినిగిన గుడ్డ మీద ఇంకో చిరుగు పడితే ఎవరు చూస్తారు?

తమ్ముడు జేబులోంచి తాళంచెవి తీశాడు. "అదే థాను గుడ్డ తెచ్చాను. కోటు మొత్తం మళ్ళీ కత్తిరించాలి. నీ పుస్తకంలో గుర్తులు నాకు తెలియవు. ఇది గట్టెక్కించు అన్నయ్యా. వచ్చే నెల మొదటి సోమవారం నుంచి బల్ల నీది. ప్లీడరుగారికి నేనే నా నోటితో చెప్తాను. అప్పటిదాకా ఎవరికీ తెలియకూడదు."

సొరుగు తెరిచాడు. మాస్టరు కత్తెర అందుకున్నాడు. మూడేళ్ళలో దాని బరువు మారలేదు, బొటనవేలి దగ్గర అరిగిన చోటు ఆయన వేలి కోసమే ఖాళీగా ఉంది. గుడ్డ పరిచి అరచేత్తో నిమిరాడు. సుద్ద పట్టి ఒకే విసురుతో వీపు గీత గీశాడు. ఎడమ భుజం దగ్గర రెండు వేళ్ళు దించి, లోపల దూదికి చోటు వదిలి, కాలరును ఒక నూలు పక్కకు జరిపాడు. కత్తెర గుడ్డలోకి దిగి ఎక్కడా ఆగకుండా సాగింది. షట్టరు కింది సందులోంచి వీధిలో నడిచేవాళ్ళ కాళ్ళు కనబడుతున్నాయి. ఆయనకు వాళ్ళెవరూ గుర్తు లేరు. ఆ గంటసేపూ ఆయన కటింగ్ మాస్టరు.

శనివారం సాయంత్రం నాలుగింటికి ప్లీడరుగారు కోటు తొడుక్కున్నారు. తెర వెనక మాస్టరు చెవులు రిక్కించి కూర్చున్నాడు. అద్దం ముందు అటూ ఇటూ తిరుగుతున్న చెప్పుల చప్పుడు. తర్వాత ప్లీడరుగారి నవ్వు వినబడింది.

"ఇదీ చెయ్యంటే! చూశావా, నువ్వు స్వయంగా చేస్తే ఎంత తేడా ఉందో. ఆయన్ని మాత్రం దూరంగా ఉంచు."

తమ్ముడు ఇప్పుడు చెప్తాడేమో, ఇప్పుడు చెప్తాడేమోనని మాస్టరు చూశాడు. తమ్ముడు "మీ దయండీ" అన్నాడు.

సరే, వచ్చే నెల సోమవారం చెప్తానన్నాడు కదా. తెర సందులోంచి చూస్తే ప్లీడరుగారి రెండు భుజాలూ సమానంగా ఉన్నాయి. అది చూశాక మాస్టరుకు ఇంకేదీ పట్టలేదు. వెనక తలుపులోంచి బయటపడి ఇంటికి నడిచాడు. ఇల్లు వెనక సందులోనే, నడిస్తే అయిదు నిమిషాలు. ఎన్నాళ్ళకో కడుపు నిండినట్టుగా ఉంది. ఎవరికైనా ఒక్కరికి చెప్పుకోకపోతే మనసు ఆగేలా లేదు. భార్య పరాయిది కాదు కదా.

"ఏమే, ప్లీడరు కోటు చూశావా? వీధిలోకి వెళ్ళి చూడు, ఎంత బాగుందో. అది నా కత్తెరే!"

నవ్వుతూ అన్నాడు. కళ్ళు మెరుస్తున్నాయి. భార్య చేతిలో గిన్నె అలాగే పట్టుకుని నిలబడిపోయింది. సరిగ్గా ఈ మాటే, ఈ నవ్వే, ఈ కళ్ళే మూడేళ్ళ కిందట చూసింది. అప్పుడు నవ్వి ఊరుకుంది. ఈసారి ఊరుకోదలుచుకోలేదు.

"నీ దగ్గర కత్తెర ఎక్కడిదండీ?" అంది. గాభరాలో మీరు పోయి నువ్వు వచ్చిన సంగతి ఆవిడకే తెలియలేదు.

"వాడే ఇచ్చాడు. షట్టరు దించి ఇచ్చాడు. ఎవరికీ చెప్పొద్దన్నాడు."

ఆవిడ వంటగదిలోకి వెళ్ళి ఫోను చేసింది. తమ్ముడిది కొట్టు గొంతు, ఫోనులోంచి గదంతా వినబడుతుంది.

"మరిదీ, ప్లీడరుగారి కోటు కటింగ్ ఎవరు చేశారు?"

ప్లీడరుగారు ఇంకా అద్దం వదిలినట్టు లేదు. నవ్వు కలిపి జవాబు వచ్చింది. "నేనే వదినా. ఇంకెవరు చేస్తారు?"

మాస్టరు గుమ్మం దాకా వెళ్ళాడు. "వాడి ఎదురుగా ప్లీడరు ఉన్నాడు, అందుకే అలా అన్నాడు. అందరి ముందూ అబద్ధం చెప్పాడు, నాకు మాత్రం..." అంటూనే ఆగిపోయాడు. తలుపులు మూసి రహస్యంగా కత్తెర ఇచ్చారు. ఎవరికీ చెప్పొద్దన్నారు. ఇప్పుడు అబద్ధం ఆడుతున్నారు. ఆస్పత్రిలో పక్క మంచం మీది మనిషి పొద్దస్తమానం సరిగ్గా ఇలాగే మాట్లాడేవాడు. తన మాటలు తన చెవికే రోగి మాటల్లా వినబడ్డాయి.

భార్య మాత్రల అట్ట తెచ్చి కిటికీ వెలుతురులో పట్టుకుని ఒక్కొక్కటీ లెక్కపెట్టింది. ఒకటీ తప్పలేదు, అన్నీ వేసుకున్నాడు. అది చూసి ఆవిడకు భయం ఇంకా పెరిగింది. గోడకు ఆనుకుని ఏడ్చింది. "నా వల్ల కాదండీ, మళ్ళీ ఇంకోసారి నా వల్ల కాదు" అంది. ఆవిడను తప్పుపట్టడానికి నాకు నోరు రావడం లేదు. ఆ పదకొండు రోజులూ ఆయన వెంట మేలుకుని ఉన్నది ఆవిడొక్కతే.

ఆదివారం గడవగానే, సోమవారం పొద్దున్నే డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళింది. డాక్టరు ఓపికగానే విన్నాడు. మీరేమంటారని మాస్టరును కూడా అడిగాడు. నిజం చెప్తే జబ్బు తిరగబెట్టిందంటారు, అబద్ధం చెప్తే ఒప్పుకున్నాడంటారు. భార్య కళ్ళు వాచి ఉన్నాయి. "ఏమీ లేదండీ, మీ ఇష్టం" అన్నాడు మాస్టరు. ముందు జాగ్రత్తగా మందు పెంచుదాం, ఆర్నెల్ల తర్వాత చూద్దామని డాక్టరు రాసిచ్చాడు.

తర్వాతి నెల మొదటి సోమవారం నాడు తమ్ముడు మాట నిలబెట్టుకున్నాడు. అతను ఎంత మాటకారి అయినా ఆ నెలంతా అన్న కళ్ళలోకి చూడలేకపోయాడు. ప్లీడరుగారికి ఇంకా చెప్పలేదు గానీ, పొద్దున్నే ముందు గదిలో బల్ల తుడిచి, గుడ్డ పరిచి, సొరుగు తాళం తీసి పెద్ద కత్తెర పైన పెట్టాడు. తెర తీసి, "రా అన్నయ్యా" అని పిలిచాడు. మిషన్లవాళ్ళు చూస్తుండగానే పిలిచాడు.

మాస్టరు వచ్చి బల్ల ముందు నిలబడ్డాడు. సుద్ద తీసుకుని గుడ్డ మీద ఆనించాడు. వీపు గీత. జీవితంలో కొన్ని వేలసార్లు గీసినది. సుద్ద కదిలింది. గీత వణుక్కుంటూ వెళ్ళి, ఒకచోట పక్కకు జారి, మళ్ళీ దారికి వచ్చింది. ఆయన ఎడమచేత్తో కుడి మణికట్టు పట్టుకుని ఇంకో గీత గీశాడు. అది కూడా వణికింది. పెంచిన మందు పదిరోజులుగా చేతుల్లోకి దిగి ఉంది. కాజాలు వంకర పోతుంటే ఎవరికీ చెప్పకుండా విప్పి మళ్ళీ కుట్టుకుంటూ వచ్చాడు ఆయన.

తమ్ముడు ఆ గీతలు చూశాడు. ఆ రోజు ఫోనులో వదినతో తాను నవ్వుతూ అన్న మాట అతనికి అప్పుడు గుర్తొచ్చింది, అన్నకు మందు ఎందుకు పెరిగిందో కూడా అప్పుడే అర్థమైంది. "వదినకు చెప్తాను అన్నయ్యా. ఇప్పుడే వెళ్ళి చెప్తాను. డాక్టరుకు కూడా చెప్తాను" అన్నాడు.

"చెప్పు" అన్నాడు మాస్టరు. "నన్ను ఓదార్చడానికి చెప్తున్నావని అనుకుంటుంది."

గుడ్డ మీది సుద్ద గీతలను అరచేత్తో తుడిచేశాడు. పెద్ద కత్తెరను రెండు చేతులతో పట్టుకుని సొరుగులో పెట్టాడు.

"తాళం వేసెయ్యరా. ఈ చేతికి ఇది మంచిది కాదు" అని తనే తెర తీసుకుని వెనక్కి వెళ్ళాడు.